జోరిగ్ ఎవరు? ప్రధాని కూడా కాని మనిషికి ఉలాన్‌బాతర్ నడిబొడ్డున విగ్రహం ఎందుకు?

మీ ప్రశ్న చదివి చాలా సంతోషం వేసింది. సైన్‌షాండ్ దగ్గర మన హైదరాబాద్ కంపెనీ మేఘా ఇంజినీరింగ్ కడుతున్న రిఫైనరీలో పని మీద మంగోలియా వచ్చారు. సెలవు రోజున ఉలాన్‌బాతర్ చూడ్డానికి వెళ్తే సెంట్రల్ పోస్టాఫీసుకు రోడ్డవతల ఒక విగ్రహం కనిపించింది. డ్రైవర్‌ని అడిగితే "జోరిగ్" అని ఒక్క మాట చెప్పి ఊరుకున్నాడు. రూముకెళ్లి నెట్‌లో వెతికితే అంతా హత్య గురించే ఉంది. "దేశాధ్యక్షుడు కాదు, ప్రధాని కాదు, మరి ఊరి మధ్యలో విగ్రహం ఎందుకు? బతికుండగా ఏం చేశాడు?" అని అడిగారు.

నేను డిగ్రీ కాలేజీలో 27 ఏళ్లు రాజనీతి శాస్త్రం చెప్పాను. కమ్యూనిస్టు పాలన నుంచి బయటపడ్డ దేశాల గురించి పాఠం వచ్చినప్పుడల్లా పోలండ్, చెకోస్లొవేకియా, రొమేనియా అయ్యాక మంగోలియాకు ఒక పీరియడ్ పూర్తిగా ఇచ్చేవాణ్ని. సిలబస్‌లో అది రెండు వాక్యాలే. అయినా ఇచ్చేవాణ్ని, జోరిగ్ కోసమే. కాబట్టి సమాధానం కాస్త పొడుగవుతుంది, ఓపిగ్గా చదవండి. హత్య సంగతి కూడా చెప్తాను, కానీ దాంతో మొదలుపెట్టను. ఆయన 36 ఏళ్లు బతికారు. ఆయన గురించి రాసేవాళ్లలో చాలామంది ఆఖరి రాత్రి గురించే రాస్తారు. అది నాకు ఎప్పుడూ బాధగా ఉంటుంది.

ముందు పేరు. పూర్తి పేరు సంజాసురెన్‌గిన్ జోరిగ్. "సంజాసురెన్ గారి జోరిగ్" అని అర్థం. మనం ఇంటిపేరు ముందు రాసుకున్నట్టు వాళ్లు తండ్రి పేరు ముందు రాసుకుంటారు. పేపర్లలో ఎస్. జోరిగ్ అని వస్తుంది, అచ్చం మన పద్ధతే. పిలవడానికి సొంత పేరే వాడతారు. ఇంగ్లీషు వార్తల్లో ఒక్కోసారి "మిస్టర్ సంజాసురెన్" అని కనిపిస్తుంది, అది వాళ్ల నాన్న పేరు. జోరిగ్ అంటే మంగోల్ భాషలో ధైర్యం, తెగువ.

1962 ఏప్రిల్ 20న ఉలాన్‌బాతర్‌లో పుట్టారు. అమ్మ దోర్జ్‌పలం. ఆమె తండ్రి రష్యన్, పేరు ఆంద్రేయ్ సిముకోవ్. 1920లలో కొజ్లోవ్ అన్వేషక బృందంతో మంగోలియా వచ్చి, ఆ దేశం మీద ప్రేమతో అక్కడే ఉండిపోయిన భూగోళ శాస్త్రవేత్త. గుర్రాల మీద, ఒంటెల మీద ఏళ్ల తరబడి దేశమంతా తిరిగి పచ్చిక బయళ్లు, సంచార కుటుంబాల రాకపోకలు, గోబీ ఎడారి దారులు అన్నీ రాసిపెట్టారు. సంచార పశుపోషణ మీద ఆయన రాసినవి పరిశోధకులు ఇప్పటికీ తీసి చూస్తారు. అంత పని చేసిన మనిషిని 1939లో గూఢచారి అని అరెస్టు చేశారు. 1942లో సోవియట్ కారాగార శిబిరంలో చనిపోయారు.

ఇది పక్కదారి కాదండి. 1937 నుంచి రెండు మూడేళ్లలో మంగోలియాలో దాదాపు ముప్పై వేల మందిని చంపారని అంచనా. అందులో బౌద్ధ లామాలు ఎక్కువ. అప్పటి దేశ జనాభా పది లక్షలు కూడా లేదు. అంటే ఏ ఇంటి తలుపు తట్టినా ఒక తాతో, మేనమామో తిరిగిరాని కథ ఉండేది. ఆ కథ గట్టిగా చెప్పుకునే వీలు యాభై ఏళ్లు లేదు. జోరిగ్ అలాంటి ఇంటి పిల్లవాడు. వ్యవస్థ మీద కసి పెంచుకోవడానికి ఆయనకు అందరికంటే ఎక్కువ కారణమే ఉంది. తర్వాత ఆయన ఎలా నడుచుకున్నారో చూసేటప్పుడు ఈ తాతగారిని గుర్తుపెట్టుకోండి.

చదువంతా రష్యన్‌లోనే. ఉలాన్‌బాతర్‌లో రష్యన్ బడి, ఆ తర్వాత 1980 నుంచి 85 దాకా మాస్కో స్టేట్ యూనివర్సిటీలో ఫిలాసఫీ. తిరిగొచ్చాక కొద్దికాలం యువజన సంఘంలో ఉద్యోగం, తర్వాత మంగోలియా జాతీయ విశ్వవిద్యాలయంలో అధ్యాపకుడు. ఆయన చెప్పిన సబ్జెక్టు పేరు "శాస్త్రీయ కమ్యూనిజం". ఈ మాట చెప్పగానే క్లాసులో పిల్లలు నవ్వేవాళ్లు. నవ్వాల్సిన సంగతి కాదని చెప్పేవాణ్ని. మార్క్స్‌నూ లెనిన్‌నూ మూలంలో చదివి, పుస్తకంలో ఉన్న మాటకీ వీధిలో ఉన్న బతుక్కీ మధ్య ఎంత తేడా ఉందో రోజూ పాఠం చెబుతూ చూసిన మనిషి ఆయన. పార్టీ పెద్దలతో వాదించేటప్పుడు వాళ్ల భాషలోనే వాదించగలిగారు.

అప్పటికి సోవియట్ యూనియన్‌లో గోర్బచెవ్ వచ్చారు. దాపరికం వద్దనే ఆయన గ్లాస్‌నోస్త్‌కు మంగోలియాలో "ఇల్ తోద్" అని పేరు పెట్టారు. దశాబ్దాలు ఏలిన త్సెడెన్‌బాల్‌ను 1984లోనే తప్పించారు, ఆయన స్థానంలో జాంబిన్ బాత్‌మోంఖ్ ఉన్నారు. సంస్కరణల మాట పైపైన నడుస్తోంది. 1988లో జోరిగ్ కొందరు స్నేహితులతో కలిసి "షినే ఉయే" అనే చిన్న బృందం మొదలుపెట్టారు. అంటే కొత్త తరం. ఇళ్లలో గుట్టుగా కలుసుకునేవాళ్లు.

1989 డిసెంబరు 10, మానవ హక్కుల దినం. ఉలాన్‌బాతర్‌లో యువజన సాంస్కృతిక కేంద్రం ముందు రెండు వందల మంది దాకా పోగయ్యారు. మైనస్ 20 డిగ్రీల చలి ఉండే నెల. సైనిక పత్రికలో పనిచేసే త్సాఖియాగిన్ ఎల్బెగ్‌దోర్జ్ మంగోలియా ప్రజాస్వామ్య సంఘం ఏర్పడిందని ప్రకటించారు. ఆ సంఘానికి ప్రధాన సమన్వయకర్త జోరిగ్. అప్పుడు ఆయనకు 27 ఏళ్లు. ముందు నిలబడ్డ 13 మందిని దేశం తర్వాత గుండెల్లో పెట్టుకుంది. జోరిగ్‌ను "ప్రజాస్వామ్యపు బంగారు స్వాలో" అన్నారు. స్వాలో అంటే చలికాలం పోతూనే ముందుగా వచ్చే చిన్న వలస పిట్ట.

ఆ తేదీని కాస్త ముందు వెనకలు కలిపి చూడండి. దానికి ఆరు నెలల ముందు, జూన్‌లో, పక్కనే ఉన్న బీజింగ్‌లో విద్యార్థుల మీద ట్యాంకులు వచ్చాయి. రెండు వారాల తర్వాత రొమేనియాలో వీధుల్లో కాల్పులు, క్రిస్మస్ రోజున చౌషెస్కు దంపతులకు మరణశిక్ష. అంటే ఇటు పక్క ప్రభుత్వం జనాన్ని చంపింది, అటు పక్క తిరుగుబాటు పాలకుణ్ని చంపింది. ఉలాన్‌బాతర్ కుర్రాళ్ల ముందు ఈ రెండు దారులే కనిపిస్తున్నాయి. పైగా సోవియట్ సైన్యం ఇంకా దేశంలోనే ఉంది.

1990 జనవరి వచ్చేసరికి వారాంతాల్లో సభలు. జనవరి 21న సుఖ్‌బాతర్ స్క్వేర్‌లో మైనస్ 30 చలిలో జనం నిలబడ్డారు. ఫిబ్రవరిలో జాతీయ గ్రంథాలయం ముందున్న స్టాలిన్ విగ్రహాన్ని ప్రభుత్వమే తీయించింది. మార్చి 4న యలాల్ట్ సినిమా హాలు ముందు జరిగిన సభకు లక్ష మంది వచ్చారంటారు. మొత్తం దేశ జనాభా అప్పుడు ఇరవై లక్షల పైచిలుకు అని గుర్తుంచుకుంటే ఆ లక్ష ఎంతో అర్థమవుతుంది. మార్చి 7న పదిమంది దేల్‌లు, అంటే మందపాటి మంగోల్ అంగీలు, తొడుక్కుని స్క్వేర్‌లో నిరాహార దీక్షకు కూర్చున్నారు. పొలిట్‌బ్యూరో మొత్తం రాజీనామా చేయాలన్నది డిమాండు.

మీరు నెట్‌లో చూసే ఉంటారు, ఒక బ్లాక్ అండ్ వైట్ ఫోటో ఉంది. నేను దాన్ని పెద్దగా ప్రింటు తీయించి క్లాసులో బోర్డుకు అంటించేవాణ్ని. చుట్టూ కిక్కిరిసిన జనం. మధ్యలో ఒకతని భుజాల మీద జోరిగ్ కూర్చుని ఉన్నారు, చేతిలో మెగాఫోను. ఏం చేస్తున్నారో చెప్పండి అని పిల్లల్ని అడిగేవాణ్ని. ప్రతి ఏడాదీ ఒకటే జవాబు: "నినాదాలిప్పిస్తున్నాడు సార్", "పదండి ముందుకు అంటున్నాడు సార్". కాదు. ప్రభుత్వ భవనం ముందు జనం, భద్రతా దళాలు ఎదురెదురుగా వచ్చి, ఏ క్షణాన ఏమవుతుందోనన్న టెన్షన్‌లో ఉన్నప్పుడు, తన వైపు జనాన్నే శాంతంగా ఉండమని, ఎవరి మీదా చెయ్యి చేసుకోవద్దని బతిమాలుతున్న ఫోటో అది.

ఉద్యమాల గురించి కొంచెం తెలిసినవాళ్లకు ఇది ఎంత కష్టమో అర్థమవుతుంది. జనాన్ని రెచ్చగొట్టడానికి గొంతు ఉంటే చాలు. రెచ్చిపోయిన జనాన్ని, నీ మాట నమ్మి వచ్చిన జనాన్ని, "ఆగండి" అని ఆపితే మొదటి మాట "అమ్ముడుపోయాడు" అనే వస్తుంది. ఆ మాట పడటానికి సిద్ధపడి ఆయన ఆపారు. జనం ఆగారు. విగ్రహం ఎందుకని అడిగారు కదా, నా దృష్టిలో అందుకే.

అయితే ఈ ఘనతంతా ఒక్క జోరిగ్‌దే అంటే న్యాయం కాదు. అవతలి వైపు బాత్‌మోంఖ్ ఉన్నారు. బలప్రయోగానికి ఆదేశం మీద సంతకం పెట్టమని సొంత పార్టీ వాళ్లు ఒత్తిడి తెస్తే ఆయన పెట్టలేదు. ఉన్నదే కొద్దిమంది మంగోలులం, ఒకరి ముక్కు నుంచి ఒకరం రక్తం కారించుకునే స్థితికి రాలేదు అన్నారని ఇప్పటికీ చెప్పుకుంటారు. మార్చి 9న పొలిట్‌బ్యూరో రాజీనామా ప్రకటించారు. దీక్ష ముగిసింది. నిజానికి ఆయన గురించి వేరే రాయాలి, ఇక్కడ వీలు కాదు.

ఇంకొకరు మన దేశం మనిషే. లద్దాఖ్ బౌద్ధ గురువు కుశోక్ బకులా రింపోచే సరిగ్గా 1990 మొదట్లో భారత రాయబారిగా ఉలాన్‌బాతర్ చేరారు. ఉద్యమకారులు ఆయన దగ్గరకు వెళ్తే అహింస దారి వదలొద్దని చెప్పారు. పదేళ్లు అక్కడే రాయబారిగా ఉండి, మూతబడ్డ బౌద్ధ మఠాలు మళ్లీ తెరుచుకోవడానికి ఎంతో చేశారు. మీరు భారతీయులని తెలిశాక పెద్దవయసు మంగోలులు ఆ పేరెత్తితే ఆశ్చర్యపోకండి.

జోరిగ్ తర్వాతి జీవితం ఫోటో అంత అందంగా సాగలేదు. 1990 జులైలో మొట్టమొదటి బహుళ పార్టీల ఎన్నికలు జరిగితే గెలిచింది పాత కమ్యూనిస్టు పార్టీయే, అంటే మంగోలియా ప్రజా విప్లవ పార్టీ. పల్లెల్లో, సంచార శిబిరాల్లో దానికి 70 ఏళ్ల వేళ్లు. జోరిగ్ గెలిచి పార్లమెంటులోకి వెళ్లారు. 1992 జనవరి 13న కొత్త రాజ్యాంగం ఆమోదం పొందింది. దాని ప్రకారం వచ్చిన 76 స్థానాల పార్లమెంటుకు, దాన్ని ఖురల్ అంటారు, 1992లోనూ 1996లోనూ ఆయన గెలిచారు. 1992లో ప్రతిపక్షం అంతా కలిపి వేళ్ల మీద లెక్కపెట్టేంత మందే. అంతకు రెండేళ్ల ముందు లక్ష మందిని కదిలించిన వాళ్లు ఓట్లలో చిత్తుగా ఓడారు. ఓడి, మళ్లీ వీధుల్లోకి వెళ్దామనకుండా, కూర్చుని పార్టీలను కలిపే పని చేశారు. ఈ నాలుగేళ్ల గురించి ఎవరూ పెద్దగా రాయరు, చెప్పుకోవడానికి గొప్ప సంఘటన ఏదీ లేదు కాబట్టి.

దేశం పరిస్థితి కూడా ఘోరంగా ఉండేది. దేశ ఆదాయంలో మూడో వంతు దాకా వచ్చే సోవియట్ సాయం ఒక్కసారిగా ఆగిపోయింది. ఉలాన్‌బాతర్‌లో పిండికి, మాంసానికి రేషను కార్డులు. పశువులు మనుషుల కంటే పది రెట్లు ఎక్కువున్న దేశంలో మాంసానికి రేషను! ప్రభుత్వ ఆస్తులను జనానికి పంచడానికి మనిషికి పదివేల తుగ్రిక్‌ల విలువ చేసే వోచర్లు ఇచ్చారు. ఆకలికి చాలామంది వాటిని అయినకాడికి అమ్ముకున్నారు, కొనుక్కున్నవాళ్లు పెద్దవాళ్లయ్యారు. ప్రజాస్వామ్యం అంటే ఇదేనా అన్న ప్రశ్న ఉద్యమంలో ముందున్న ప్రతి ఒక్కరికీ ఎదురైంది, ఇప్పటికీ ఎదురవుతోంది. మీతో పనిచేసే మంగోలు కార్మికుల్లో పెద్దవాళ్లని అడగండి, పాత రోజులే నయం అనేవాళ్లూ తగులుతారు. వాళ్ల మాట కొట్టిపారేయకండి.

1996 జూన్‌లో గాలి మారింది. ప్రజాస్వామ్య కూటమి 76లో 50 స్థానాలు గెలిచింది. 75 ఏళ్ల తర్వాత పాత పార్టీ మొదటిసారి అధికారం దిగింది, మారుమాట లేకుండా దిగింది. గెలిచినవాళ్లు మాత్రం రెండేళ్లు తిరక్కుండానే తమలో తాము కొట్టుకున్నారు. 1998 ఏప్రిల్‌లో ఎల్బెగ్‌దోర్జ్ ప్రధాని అయ్యారు. జోరిగ్‌కు మౌలిక సదుపాయాల శాఖ వచ్చింది. అంటే రోడ్లు, రైల్వే, విద్యుత్తు వగైరా. ఆయన చేసిన ఒకే ఒక్క మంత్రి పదవి అది. జులైలో ఒక ప్రభుత్వ బ్యాంకును ప్రైవేటు బ్యాంకులో కలిపిన వ్యవహారం మీద గొడవ లేచి ప్రభుత్వం పడిపోయింది. కొత్తవాళ్లు వచ్చేదాకా పాత మంత్రులే నెట్టుకొచ్చారు.

ఇక ప్రతిష్టంభన. అధ్యక్షుడు బగబంది పాత పార్టీ మనిషి, పార్లమెంటులో మెజారిటీ కూటమిది. కూటమి ప్రధానిగా ఎవరి పేరు పంపినా ఆయన వెనక్కి పంపుతున్నారు. వారాలు, నెలలు గడిచాయి. రెండు వైపులా ఒప్పుకోగల మనిషి ఎవరని వెతికితే తేలిన పేరు జోరిగ్. ఎనిమిదేళ్ల కిందట పాత పార్టీ గద్దె దిగాలని వీధిలో నిలబడ్డ మనిషిని ఆ పార్టీ వాళ్లు కూడా కాదనలేని స్థితి వచ్చిందంటే, ఆ ఎనిమిదేళ్లూ ఆయన ఎవరితో ఎలా మాట్లాడి ఉంటారో ఊహించండి. తాతను పోగొట్టుకున్న మనవడు పగ మాటెత్తకుండా రాజకీయం చేశారు.

1998 అక్టోబరు 2, శుక్రవారం. వచ్చే వారం మొదట్లో ఆయన పేరు ప్రకటిస్తారని అందరూ అనుకుంటున్నారు. ఆ సాయంత్రం ఇద్దరు ఆయన ఫ్లాటులోకి చొరబడ్డారు. భార్య బుల్గన్‌ను కట్టేశారు. ఆయన వచ్చేదాకా కాచుకుని ఉండి, తలుపు తీసుకుని లోపలికి అడుగుపెట్టగానే పొడిచి చంపారు. పోతూ పోతూ ఫ్రిజ్‌లోంచి వెనిగర్ సీసా, సోయా సాస్ సీసా పట్టుకెళ్లారు. ఎందుకన్నది ఇప్పటికీ తేలలేదు. ఆ మర్నాటి నుంచి సుఖ్‌బాతర్ స్క్వేర్‌లో వేలమంది కొవ్వొత్తులు వెలిగించుకుని నిలబడ్డారు. అదే స్క్వేర్, 1990లో ఆయన మెగాఫోను పట్టుకున్న చోటు.

"ఎవరు చంపించారు?" అని మీరు మళ్లీ అడుగుతారని తెలుసు. పేర్లు చాలా ప్రచారంలో ఉన్నాయి, రుజువు ఒక్కదానికీ లేదు. రుజువు లేని పేర్లు నేను రాయను. కోర్టులో జరిగింది మాత్రం చెప్తాను. 18 ఏళ్ల తర్వాత, 2016 డిసెంబరులో ముగ్గురికి దీర్ఘకాల జైలు శిక్ష పడింది. విచారణ మొత్తం తలుపులు మూసి జరిపారు. చేయించింది ఎవరన్నది బయటికి రాలేదు. అంతకుముందు భర్తను పోగొట్టుకున్న బుల్గన్‌నే అరెస్టు చేసి నెలల తరబడి నిర్బంధంలో ఉంచారు. 2019లో ప్రభుత్వమే ఒక వీడియో బయటపెట్టింది. అందులో నిందితుల్ని చిత్రహింసలు పెట్టి ఒప్పించడం కనిపించింది. ఆ హింస కేసులో నిఘా విభాగం మాజీ అధికారులకు తర్వాత శిక్షలు పడ్డాయి. హింసకు వ్యతిరేకంగా నిలబడ్డ మనిషి హత్య కేసును హింసతో తేల్చబోయారు. నాకు హత్య తర్వాత అంత బాధ కలిగించిన విషయం ఇదే.

మంగోలియా రాజకీయాల్లో ఇలాంటిది ఇది మొదటిదీ కాదు. 1962లో, జోరిగ్ పుట్టిన ఏడాదే, చెంఘిజ్ ఖాన్ 800వ జయంతిని ఘనంగా చేయించినందుకు దరమిన్ తోమోర్-ఓచిర్ అనే పార్టీ నాయకుణ్ని జాతీయవాది అని ముద్ర వేసి వెళ్లగొట్టారు. ఆయన 1985లో దర్ఖాన్ పట్నంలో తన ఇంట్లోనే హత్యకు గురయ్యారు. ఆ కేసూ అంతే, తేలలేదు.

జోరిగ్ చెల్లెలు ఓయూన్ సంగతి చెప్పకపోతే ఈ జవాబు సగమే. ఆమె భూగర్భ శాస్త్రవేత్త, కేంబ్రిడ్జ్‌లో పీహెచ్‌డీ చేసి ఒక పెద్ద గనుల కంపెనీలో పనిచేస్తున్నారు. రాజకీయాల్లోకి వచ్చే ఆలోచనే లేదు. అన్న పోయాక ఇంటికొచ్చి, ఆ ఏడాదే ఖాళీ అయిన ఆయన స్థానం నుంచి ఉప ఎన్నికలో గెలిచారు. జోరిగ్ ఫౌండేషన్ పెట్టారు. అవినీతి మీద, పాలనలో పారదర్శకత మీద, యువతకు శిక్షణ మీద ఆ సంస్థ పనిచేస్తుంది. 2000లో సొంత పార్టీ పెట్టి దానికి "ఇర్గెనీ జోరిగ్" అని పేరు పెట్టారు. పౌరుల ధైర్యం అని ఒక అర్థం, పౌరుల జోరిగ్ అని ఇంకో అర్థం. తర్వాత విదేశాంగ మంత్రిగా, పర్యావరణ మంత్రిగా చేశారు. 2014లో ఐక్యరాజ్యసమితి పర్యావరణ సభకు మొట్టమొదటి అధ్యక్షురాలయ్యారు. ఎల్బెగ్‌దోర్జ్ మరోసారి ప్రధానిగా చేసి, 2009 నుంచి 2017 దాకా దేశాధ్యక్షుడిగా ఉండి, మంగోలియాలో మరణశిక్ష లేకుండా చేశారు.

"సోవియట్ యూనియన్ కూలిపోతోంది కాబట్టి మంగోలియా మారింది, ఇందులో వీళ్ల గొప్పేముంది?" అని కింద ఇంకొకరు రాశారు. గోర్బచెవ్ లేకపోతే ఇది జరిగేది కాదన్నది నిజమే. కానీ అదే సోవియట్ నీడలోంచి బయటపడ్డ మధ్య ఆసియా దేశాలను చూడండి. తజికిస్తాన్‌లో ఐదేళ్ల అంతర్యుద్ధం జరిగింది. తుర్క్‌మెనిస్తాన్‌లో పాత పార్టీ పెద్దే బతికినంతకాలం ఏలాడు. మాస్కో తలుపు తీసింది అందరికీ. ఆ తలుపులోంచి రక్తం చిందకుండా బయటికి నడవడం, ఓడినప్పుడు ఇంటికెళ్లడం, గెలిచినప్పుడు పగ తీర్చుకోకపోవడం ఉలాన్‌బాతర్‌లో జరిగాయి. మంగోలియాలో అవినీతి ఉంది, ప్రధానులు మాటిమాటికీ మారతారు, జనం చలిలో మళ్లీ మళ్లీ రోడ్డెక్కుతారు. 2022 డిసెంబరులో బొగ్గు దొంగతనం మీద జనం అదే స్క్వేర్‌ను నింపారు. రోడ్డెక్కినవాళ్లు ఇళ్లకు క్షేమంగా వెళ్తామన్న నమ్మకంతోనే ఎక్కుతారు.

మళ్లీ ఉలాన్‌బాతర్ వెళ్లినప్పుడు విగ్రహం దగ్గర నుంచి రోడ్డు దాటి, పోస్టాఫీసు పక్కనుంచి స్క్వేర్‌లోకి నడవండి, కొద్ది నిమిషాలే పడుతుంది. ఎదురుగా చెంఘిజ్ ఖాన్ కూర్చున్న పెద్ద భవనం కనిపిస్తుంది, అదే పార్లమెంటు. ఆ ఫోటో ఫోన్‌లో పెట్టుకుని వెళ్లండి. చెంఘిజ్ విగ్రహం అప్పట్లో లేదు, దాన్ని 2006లో కట్టారు. అక్టోబరు 2న గనక ఊళ్లో ఉంటే జోరిగ్ విగ్రహం దగ్గరకు ఓ రెండు పూలు పట్టుకెళ్లండి. ఆ రోజు అక్కడ మీరొక్కరే ఉండరు.